అల వచ్చిన దిక్కు

ఉప్పుగూడ,
6 జనవరి 2025

అఖిలకు అత్తమ్మ ఆశీస్సులు.

నువ్వు పంపిన శాలువా అందింది. రంగు బాగుంది, అంచు మాత్రం రెండో రోజే ఊడింది. నాలుగైదిళ్ల అవతలి దర్జీ జహంగీర్ భాయ్ మళ్లీ కుట్టి ఇస్తూ "గిది ఎవలు కుట్టిన్రు ఆపా" అని నవ్వాడు. ఆయన నవ్వితే నాకు పళ్లు కనబడతాయి గాని నవ్వు వినబడదు, అందుకే కోపం రాలేదు.

ఇక అసలు సంగతి. మా గల్లీకి ఒక చివర రైలు పట్టాలు, ఇంకో చివర పాత కట్టెల అడితి, నీకు గుర్తుండే ఉంటుంది. ఆ అడితి స్థలాన్ని వైకుంఠం అనే ఆయన కొన్నాడు. ఫంక్షన్ హాలు కడతాడట, కింద రెండంతస్తుల సెల్లారట. పెద్ద గుంత తవ్వుతున్నారు. గుంత అంచులు కూలకుండా ఇనుప పలకలను భూమిలోకి దించే మిషన్ ఒకటి తెచ్చారు. అది పొద్దున మొదలైతే పొద్దుగూకేదాకా వణుకుతూనే ఉంటుంది. దానితోపాటు మా గల్లీ అంతా వణుకుతుంది.

నాకు చప్పుడు తెలియదు. టైఫాయిడ్‌తో నా చెవులు పోయేనాటికి నువ్వింకా పాకుతున్నావు. కానీ అదురు నాకు అరికాళ్లలో తెలుస్తుంది. పాలగిన్నెలో సన్నని వలయాలుగా కనబడుతుంది. తోడు వేసిన పాలు గడ్డకట్టడం లేదు, నీళ్లు వేరవుతున్నాయి. పెరుగు అమ్ముకొని బతికేదానికి ఇది చిన్న సంగతి కాదు. వెనక గది గోడ పగిలింది. ముందు గదిలోనూ గీత పడింది. పక్కింటి పుష్పమ్మకైతే పైకప్పు పెచ్చు ఊడి మంచం మీదే పడింది. మంచం మీద ఎవరూ లేరు కాబట్టి సరిపోయింది.

గల్లీవాళ్లం కలిసి వెళ్లి అడిగాం. వైకుంఠం పెట్టుకున్న ఇంజనీరు బయటికి వచ్చాడు. "గిది రైలు అదురమ్మా, మా మిషన్‌ది కాదు. ఇండ్లు పాతగైనయి, పగలకుంటే ఏమైతయి?" అన్నాడు. తర్వాత ముఖం సగం పక్కకు తిప్పి జహంగీర్ భాయ్‌తో అన్నాడు: "చెవులు వినపడనామెకు చప్పుడు సంగతి ఏం ఎర్క భాయ్?" నేను పెదవులు చదువుతానని పాపం ఆయనకు తెలియదు.

"చప్పుడు సంగతి నాకు ఎర్క లేదు. అదురు సంగతి అడుగు, చెప్త" అన్నాను.

మున్సిపల్ ఆఫీసు నుంచి నాకు నోటీసు వచ్చింది. ఇల్లు పాతబడి, రైలు అదురుకు పగిలి ఉంటే ప్రమాదం కాబట్టి ఖాళీ చెయ్యాలట. గుంత వల్లే పగిలిందని తేలితే ఆ మిషన్ ఆగుతుంది. నేను అర్జీ పెట్టాను. తేల్చేదాకా గడువు ఇచ్చారు. మీ బాపు శాలిబండ నుంచి వచ్చి "ఎందుకు అక్కా ఈ లొల్లి, మా ఇంటికి రా" అన్నాడు. నా తమ్ముడే, ప్రేమతోనే అన్నాడు. అయినా రానన్నాను.

నువ్వు చదివేది అలల చదువే కదా. ఈ అదురు ఏ దిక్కు నుంచి వస్తోందో నీ చదువు చెప్పగలదా?

ఫోన్లో రెండు ముక్కలు కొట్టి ఊరుకోకు. ఉత్తరం రాయి.

ఇట్లు,
కదిలేది లేదని తేల్చుకున్న
మీ అత్త ఆండాలు


భీమిలి,
13 జనవరి 2025

అత్తమ్మకు నమస్కారాలు.

ఇంజనీరు మాట చదివి ఒళ్లు మండింది. నీ జవాబు చదివి చల్లబడ్డాను. నాతో గదిలో ఉండే అమ్మాయికి చదివి వినిపిస్తే, "మీ అత్తను ఒకసారి మా సారు దగ్గరికి కూడా పంపించు" అంది.

నువ్వడిగింది చెయ్యొచ్చు. ఎలాగో చెబుతాను, ఓపికగా చదువు.

మేమిక్కడ సముద్రంలో ఒకే వరుసలో మీటర్లు దించి అలలను కొలుస్తాం. అలను రెండు రకాలుగా లెక్కపెట్టవచ్చు. ఒకే చోట నిలబడి, ఇంత సేపట్లో ఎన్ని అలలు నీ కాళ్లను దాటాయో చూడటం ఒకటి. అది కాలంలో లెక్క. ఫోటో తీసినట్టు సముద్రాన్ని ఒక్క క్షణం ఆపేసి, ఇంత దూరంలో ఎన్ని అలలు పట్టాయో చూడటం రెండోది. అది చోటులో లెక్క. మొదటి లెక్కను కాగితం మీద నిలువుగా, రెండో లెక్కను అడ్డంగా పెట్టి, అల ఎక్కడ బలంగా ఉంటే అక్కడ రంగు ముదురుగా వేస్తాం.

ఆ పటంలో అడ్డగీతకు నడిమధ్య సున్నా ఉంటుంది. ఒక దిక్కుకు పోయే అలలన్నీ దానికి కుడి పక్కన పడతాయి, ఎదురు దిక్కుకు పోయేవన్నీ ఎడమ పక్కన పడతాయి. కాలం లెక్క ఒక్కటే చూస్తే రెండూ కలగలిసిపోయి కనిపిస్తాయి. చోటు లెక్క కూడా తోడైతే విడిపోతాయి. అందుకే ఈ పటమంటే నాకు ప్రాణం.

నేల అదిరినా ఇదే పద్ధతి. గల్లీ పొడుగునా మీటర్లు వరుసగా పెడితే, రైలు దిక్కు నుంచి వచ్చే అదురు ఒక పక్క, గుంత దిక్కు నుంచి వచ్చేది ఇంకో పక్క పడుతుంది.

మా పరిశోధన కేంద్రానికి పెద్ద అయిన కైలాసం సారు నేల మీటర్లు ఇస్తానన్నారు. షరతు ఒకటే. ఫలితం ఏదైనా నేరుగా మీ మున్సిపల్ ఆఫీసుకు పంపాలి. నా షరతు కూడా అదే అత్తమ్మా. పటంలో ఏది పడితే అదే రాస్తాను. నువ్వు మా అత్తవని ఒక్క చుక్క కూడా అటూ ఇటూ జరపను.

నెలాఖరుకు వస్తున్నాను. వచ్చేసరికి రాగి సంకటి కాదు, బగారా అన్నం ఉండాలి.

నీ
అఖిల


ఉప్పుగూడ,
3 ఫిబ్రవరి 2025

నా బంగారు బిడ్డకు,

నువ్వు వెళ్లినప్పటి నుంచి గల్లీలో నీ ముచ్చటే. "గంత సన్న పిల్ల, బూట్లేసుకొని గల్లీ అంత ఉరికింది" అని పుష్పమ్మ చేతులు ఊపి మరీ చూపిస్తోంది. మొదట నువ్వు రెండిళ్ల ముందే దగ్గర దగ్గరగా మీటర్లు పెట్టబోతే లొల్లి చేసిందీ ఆమే. "మా గడప ముంగట ఎందుకు పెట్టవ్? మాది ఇల్లు కాదా?" అంది. నువ్వు నా ముఖం చూశావు. నేను అందరి గడప ముందూ ఒక్కోటి పెట్టమన్నాను. గల్లీ అందరిదీ కదా.

ఆ తర్వాత ఎవరి మీటరుకు వాళ్లే కాపలా. జహంగీర్ భాయ్ తన మీటరు మీద గొడుగు పట్టుకొని కూర్చున్నాడు, ఎండకు దానికి జ్వరం వస్తుందన్నట్టు.

ఇక ఫికర్ లేదని నేను అందరికీ చెప్పేశాను. మా అఖిల వైకుంఠాన్ని పటంలో పట్టేసిందని చెప్పాను. గుంత పక్కన రంగు బాగా ముదురుగా పడేలా చూడు. ఆఫీసువాళ్లకు కళ్లజోడు లేకపోయినా కనబడాలి.

మీ బాపు ఆ రోజు రాలేదు చూశావా. దుకాణంలో లోడు దిగుతోందట. ఇల్లు తనది కూడా అనుకోడు.

తొందరగా పంపించు.

ఎదురుచూస్తూ,
అత్తమ్మ


భీమిలి,
12 ఫిబ్రవరి 2025

అత్తమ్మకు,

ఎలా మొదలుపెట్టాలో తెలియక కాగితాలు చించుకుంటూ కూర్చున్నాను. నేరుగా రాసేస్తాను.

పటంలో రెండు మచ్చలు వచ్చాయి. కింది భాగంలో ఉన్నది నిదానంగా ఊగే అదురు, అది రైళ్లది. పైభాగంలో ఉన్నది గబగబా వణికే అదురు, చాలా ముదురుగా ఉంది. రెండూ రైలు పట్టాల దిక్కు నుంచి వస్తున్నట్టే పడ్డాయి. గుంత పక్క దాదాపు ఖాళీ.

నాకూ నమ్మబుద్ధి కాలేదు. పై మచ్చ లెక్కప్రకారం ఆ అదురు నేలలో మరీ వేగంగా పరుగెత్తుతోంది. మెత్తటి మట్టిలో అంత వేగం ఉండదు. సారును అడిగితే, "హైదరాబాద్ అంటేనే బండ. కింద రాయి ఉంటే ఆ వేగం వింతేమీ కాదు" అన్నారు. రిపోర్టు మీ ఆఫీసుకు వెళ్లిపోయింది.

రంగు ముదురుగా పడేలా చూడమని రాశావు. అలా చూడటం నా పని కాదని ముందే చెప్పాను. పటం రాకముందే గల్లీ అంతా చాటింపు వెయ్యమని నేను చెప్పలేదు. ఇప్పుడు వాళ్లందరికీ నేనేదో మోసం చేసినట్టుంటుంది.

కొన్నాళ్లు బాపు వాళ్లింటికి వెళ్లి ఉండు. గోడలు నిజంగానే ప్రమాదంగా ఉన్నాయి, నా కళ్లతో చూశాను.

అఖిల


ఉప్పుగూడ,
17 ఫిబ్రవరి 2025

అఖిలకు,

ఈసారికి ఆశీస్సులు లేవు.

నీ రిపోర్టును వైకుంఠం ఇంజనీరు జిరాక్సులు తీయించి ప్రతి గడపకూ అంటించాడు, అచ్చంగా నువ్వు మీటర్లు పెట్టించిన చోట్లలోనే. పుష్పమ్మ నాతో మాట్లాడటం మానేసింది. పోతూ పోతూ ఒక్క మాట అంది: "నీ మేనకోడలు పిల్లను తెచ్చి మా మెడకు సుట్టినవ్ ఆండాలూ."

అది కూడా భరించేదాన్ని. నిన్న జహంగీర్ భాయ్ నన్ను చెయ్యి పట్టుకొని గుంత దగ్గరికి తీసుకుపోయాడు. "దేఖో ఆపా" అన్నాడు. లారీలోంచి సిమెంటు దిగుతోంది. లారీ మీద మీ బాపు దుకాణం పేరు. ఫంక్షన్ హాలు మొత్తానికి సిమెంటు, ఇనుము మీ బాపే పోస్తున్నాడట.

ఇప్పుడు నాకు అన్నీ అర్థమవుతున్నాయి. వాళ్లింటికి వెళ్లి ఉండమని మీ బాపు అన్నాడు. అదే మాట నువ్వూ రాశావు. తండ్రీకూతుళ్లు ఒక్క నోటితో మాట్లాడుతున్నారు. పటాన్ని ఎలా తిప్పాలో నీకు తెలుసు, నాకు తెలియదు. అంతే కదా?

నేను ఎక్కడికీ పోవడం లేదు. నిన్నటి నుంచి గుంత గేటు ముందు స్టూలు వేసుకొని కూర్చుంటున్నాను. లారీలు లోపలికి పోవాలంటే నన్ను దాటాలి. ఇంజనీరు వచ్చి అరిచాడు. వైకుంఠం వచ్చి దండం పెట్టాడు. పోలీసాయన వచ్చి కర్ర నేల మీద కొట్టాడు. నేను కళ్లు మూసుకున్నాను. కళ్లు మూసుకుంటే నాతో ఎవరూ మాట్లాడలేరు. చెవులు పోయినదానికి ఉన్న సుఖం ఇదొక్కటే, దాన్ని పూర్తిగా వాడుకుంటున్నాను.

జవాబు రాయనక్కర్లేదు.

ఆండాలు


భీమిలి,
22 ఫిబ్రవరి 2025

అత్తమ్మా,

రాయనక్కర్లేదన్నావు కాబట్టే రాస్తున్నాను.

బాపు అక్కడ సిమెంటు పోస్తున్న సంగతి నీ ఉత్తరంతోనే నాకు తెలిసింది. వెంటనే ఫోన్ చేశాను. "నిజమే బిడ్డా. దుకాణం అన్నంక ఎవలడిగినా అమ్ముత. దీంట్ల తప్పేముంది?" అన్నాడు. మరి అత్తమ్మకు ఎందుకు చెప్పలేదంటే ఫోన్ పెట్టేశాడు. తప్పేమీ లేకపోతే దాచడం ఎందుకు? ఆయన మీద నీకెంత కోపం ఉందో నాకూ అంతే ఉంది. కానీ ఆ కోపాన్ని నా పటం మీద చూపించకు. నేను దేన్నీ తిప్పలేదు. నన్ను చిన్నప్పటి నుంచి ఎత్తుకు పెంచినదానివి, నీకు ఆ మాత్రం తెలియదా?

ఇక్కడితో ఆపేసి కవరులో పెట్టాను. ఇప్పుడు మళ్లీ తెరిచాను. తేదీ 25.

అత్తమ్మా, పటం తప్పు.

నిన్న మా సముద్రం మీటర్లలో కొన్నిటిని చేపల పడవ ఒకటి ఈడ్చుకుపోయింది. మిగిలినవి దూరం దూరంగా ఉన్నాయి. వాటితోనే పటం గీస్తే, అలలన్నీ ఒడ్డు నుంచి సముద్రంలోకి పోతున్నట్టు వచ్చింది! కిటికీలోంచి చూస్తే అలలు మామూలుగానే ఒడ్డుకు వచ్చి కొట్టుకుంటున్నాయి.

తిరిగే ఫ్యాన్‌ను ఫోన్లో వీడియో తీసి చూడు. ఒక్కోసారి రెక్కలు వెనక్కి తిరుగుతున్నట్టు కనిపిస్తాయి. ఫ్యాన్ వెనక్కి తిరగదు, కెమెరా మధ్యమధ్యలో మాత్రమే చూస్తుంది కాబట్టి అలా మోసపోతుంది. మీటర్లూ అంతే. అల పొట్టిగా ఉండి మీటర్లు దూరంగా ఉంటే, మధ్యలో జరిగింది వాటికి తెలియదు. అప్పుడు ఎదురు దిక్కు నుంచి వచ్చినట్టు చూపిస్తాయి. గడపకు ఒకటి చొప్పున పెట్టాం కదా, ఆ దూరం మిషన్ అలకు చాలా ఎక్కువ. రైలు అల పొడుగు కాబట్టి దానికి ఏమీ కాలేదు.

మన పటాన్ని మళ్లీ తీసి చూశాను. నిజమైన అల గీత ఎప్పుడూ సున్నా నుంచి బయలుదేరాలి. పై మచ్చ గీతను కిందికి పొడిగిస్తే సున్నాకు పోవడం లేదు. కాగితం అవతలి అంచు దాటి, ఇవతలి అంచులోంచి లోపలికి వచ్చింది. ఆ వింత వేగానికి కారణం బండ కాదు, ఇదే.

సారు దగ్గరికి పరుగెత్తాను. "ఇచ్చిన రిపోర్టు వెనక్కి తీసుకుంటే మన కేంద్రం పరువేం కావాలి?" అన్నారు. "తప్పు పటంతో ఒకామె ఇల్లు పోతే మన పరువేం కావాలి సార్?" అన్నాను. మీటర్లు మళ్లీ ఇవ్వనన్నారు. నా ఉద్యోగం ఏడాది ఏడాదికి పొడిగించేది అని గుర్తు చేశారు. ఆ సాయంత్రమే మీ ఆఫీసుకు నా సంతకంతో రాశాను, ఆ రిపోర్టు చెల్లదని, మళ్లీ కొలుస్తానని. ఒక కాలేజీలో పాఠాలకు వాడే పాత మీటర్లు ఉన్నాయి, ఇస్తామన్నారు. మార్చి రెండో ఆదివారం వస్తున్నాను.

ఈసారి మీటర్లు దగ్గర దగ్గరగా, నాలుగైదు ఇళ్ల ముందే ఉంటాయి. గల్లీని ఒప్పించడం నీ వంతు.

నీ మీద ఇంకా కోపంగానే ఉన్న
అఖిల


ఉప్పుగూడ,
3 మార్చి 2025

అఖిలకు ఆశీస్సులు. పాతవి కూడా కలిపి పంపుతున్నాను.

జహంగీర్ భాయ్ ఫోన్లో ఫ్యాన్ వీడియో తీశాడు. గల్లీలో సగం మంది ఆయన దుకాణంలో తలలు పైకెత్తి ఒకసారి ఫ్యాన్‌నూ, తలలు దించి ఒకసారి ఫోన్‌నూ చూశారు. రెక్కలు వెనక్కి పోతుంటే పుష్పమ్మ నోటి మీద చెయ్యి వేసుకుంది. తర్వాత మళ్లీ మొదలుపెట్టింది: "అయితే మా గడప ముంగట ఈసారి ఒక్కటి గూడ పెట్టదా?"

"పెట్టదు. నీ గడపకు ఒకటి, నా గడపకు ఒకటి అని పంచబట్టే మొన్న ఓడిపోయినం. నా ముంగట గూడ పెట్టనియ్య, సరేనా?" అన్నాను. ఆమె "నువ్వు గంత మాట అంటే నేనేమంట" అంది. వరుస జహంగీర్ భాయ్ ఇంటి నుంచి మొదలవుతుంది, నా గడప రాకముందే ఆగిపోతుంది. అలాగే కుదురుతుందా, చెప్పు.

మీ బాపు వచ్చాడు. గేటు ముందు నా స్టూలు పక్కన నిలబడి, నాకు అర్థమయ్యేలా మెల్లగా మాట్లాడాడు.

"అఖిలను రానియ్యకు అక్కా. దాని నౌకరి పోతది."

"దాని నౌకరి సంగతి అదే చూసుకుంటది. నీ సిమెంటు సంగతి చెప్పు."

"నేనే పొయ్యకుంటే ఇంకొకడు పోస్తడు."

"ఇంకొకడు నా తమ్ముడు కాదు కద."

వాడికి నీ మీద బెంగ ఉంది బిడ్డా, అది అబద్ధం కాదు. మీరిద్దరూ ఒక్కటై నన్ను వెళ్లగొడుతున్నారని రాసిన మాట నేను వెనక్కి తీసుకుంటున్నాను. వాడి మీద కోపం మాత్రం తీసుకోవడం లేదు.

ఇంకో పని చేశాను, నువ్వు తిడతావేమో. వైకుంఠానికి తెలియకుండా మీటర్లు పెడదామని గల్లీవాళ్లు అన్నారు. తెలిస్తే ఆ రోజు మిషన్ ఆపేస్తాడని వాళ్ల భయం. నాకు దాక్కోవడం ఇష్టం లేదు. సుద్దముక్క తీసుకొని గుంత గేటు మీద పెద్ద అక్షరాలతో రాశాను: "రెండో ఆదివారం అదురు కొలుస్తున్నాం. మిషన్ నడిపినా సరే, ఆపినా సరే." నడిపితే పటంలో పడతాడు. ఆపితే మిషన్ లేని గల్లీ ఎంత నిమ్మళంగా ఉందో పటంలో పడుతుంది. ఎటు పోతాడో పోనీ.

వైకుంఠం వచ్చి చదివాడు. శాలిబండలో ఫ్లాటు ఇప్పిస్తానన్నాడు. నేను కళ్లు మూసుకున్నాను.

బగారా అన్నం ఉంటుంది.

గేటు దగ్గర నుంచి,
అత్తమ్మ


భీమిలి,
20 మార్చి 2025

అత్తమ్మకు నమస్కారాలు.

సుద్దతో రాసిన దానికి తిట్టను. అంతకంటే మంచి ప్రయోగం మా సారుకు కూడా తట్టదు. ఆ రోజు వాళ్లు పొద్దున మిషన్ ఆపి, మధ్యాహ్నం పని ఆగిందని పై నుంచి ఎవరో తిట్టడంతో మళ్లీ నడిపారు కదా, నాకు రెండూ దొరికాయి.

పటం ఇలా ఉంది. రైలు అదురు రైలు పక్కనే పడింది, తక్కువ బలంతో. మధ్యాహ్నం పటంలో గబగబా వణికే అదురు గుంత పక్కకు వచ్చేసింది. దాని గీత సరిగ్గా సున్నా నుంచి బయలుదేరింది, మెత్తటి మట్టికి ఉండాల్సిన వేగంతోనే. పొద్దున పటంలో ఆ చోట ఏమీ లేదు. ఇంతకంటే తేటగా ఏ పటమూ చెప్పదు. ఆఫీసుకు పంపించాను. మొదటి పటం ఎందుకు తప్పిందో కూడా పూర్తిగా రాశాను.

ఇప్పుడు నీకు నచ్చని సంగతి. ముందు గది గీత, పుష్పమ్మ ఇంటి పెచ్చు, ఇవి మిషన్ మొదలయ్యాకే వచ్చాయని గల్లీ అంతా చెబుతోంది, అదురు బలం కూడా అందుకు సరిపోతుంది. కానీ నీ వెనక గది పునాదిని ఏనాటి నుంచో చెమ్మ తినేస్తోంది. ఆ గోడను ఎవరు పగలగొట్టారో నా పటం చెప్పలేదు. రిపోర్టులో అదే రాశాను: వెనక గది సంగతి ఈ కొలతతో తేలదు, గది మాత్రం ప్రమాదంగా ఉంది అని. రాయకపోతే వైకుంఠం ఇంజనీరు ఆ ఒక్క గోడనే పట్టుకొని మిగతాదంతా అబద్ధమనేవాడు. అది నిజమే అయినా, నేను రాసింది అందుకు కాదు. నిజం కాబట్టి రాశాను. కోపం వస్తే రానీ, మళ్లీ ఆశీస్సులు ఆపెయ్యి.

సారు మెమో ఇచ్చారు, కేంద్రానికి చెప్పకుండా బయట కొలిచినందుకు. సెలవు పెట్టి, నా ఖర్చుతో, కేంద్రం మీటరు ఒక్కటీ ముట్టకుండా కొలిచానని జవాబిచ్చాను. రెండు పటాలనూ ఆయన బల్ల మీద పక్కపక్కన పెట్టి వచ్చాను. ఉద్యోగం పొడిగిస్తారో లేదో తెలియదు. పొడిగించకపోతే అలలు ఇక్కడ మాత్రమే లేవు.

బాపు ఫోన్ చేశాడు. "తిన్నవా?" అని అడిగి పెట్టేశాడు.

విచారణ రోజు ఏమైందో ఒక్కటీ వదలకుండా రాయి.

అఖిల


ఉప్పుగూడ,
7 ఏప్రిల్ 2025

అఖిలకు అత్తమ్మ ఆశీస్సులు.

వెనక గది సంగతి చదివి నిజంగానే కాగితం నలిపేశాను. మళ్లీ సాపు చేసి మడిచి పెట్టుకున్నాను. మా నాన్న కట్టించిన గది అది. దాని చెమ్మ నాకు తెలియనిదా? ఒప్పుకోవడానికి కష్టమైంది, అంతే.

విచారణ శుక్రవారం జరిగింది. గల్లీ అంతా వచ్చింది, పుష్పమ్మ పట్టుచీర కట్టుకొని వచ్చింది. వైకుంఠం, ఆయన ఇంజనీరు ఒక పక్క. మీ బాపును కూడా పిలిపించారు, ఇంటి కాగితాల్లో వాడి పేరూ ఉంది కాబట్టి. అధికారి నీ రిపోర్టు చదివాడు. ఇంజనీరు మొదటి పటం చూపించి ఏదో అన్నాడు. అధికారి రెండో పటం వాడి ముందుకు తోశాడు. ఇంజనీరు అది చూసి తల దించుకున్నాడు. ఇదంతా ముఖాల్లోనే చదివాను. ఆ అధికారికి గుబురు మీసాలు, పెదవులు ఒక్క ముక్క కనబడలేదు.

అన్నీ అయ్యాక ఆయన మీ బాపు వైపు తిరిగి చెప్పడం మొదలుపెట్టాడు. నేను లేచి నిలబడ్డాను.

"అర్జీ పెట్టింది నేను. నాకు చెప్పుండ్రి. చెవులు లేవు, కండ్లున్నయి. రాసియ్యుండ్రి."

ఆర్డరు తర్వాత టైపు చేసి ఇస్తామన్నట్టు చెయ్యి ఊపాడు. "తర్వాత కాదు, ఇప్పుడు" అన్నాను. గదిలో అందరూ నన్నే చూస్తున్నారు. అప్పుడు నా సంచిలోంచి కాగితం, పెన్ను తీసి మీ బాపు ముందు పెట్టాను.

"ఆయన చెప్పేది నువ్వు రాయి."

వాడు వైకుంఠం వైపు చూశాడు. తర్వాత నా వైపు చూశాడు. పెన్ను తీసుకున్నాడు. అధికారి చెబుతుంటే రాశాడు బిడ్డా, ఒక్కో మాటా. పలకలు దించే మిషన్ నేటి నుంచి ఆపాలి. అదురు లేని వేరే పద్ధతితోనే తవ్వాలి. గల్లీ ఇళ్లకు పడిన పగుళ్లు గుంత యజమాని బాగు చేయించాలి. ఆండాలు ఇంటి ముందు భాగానికి ఇచ్చిన నోటీసు రద్దు. అక్కడ ఆగిపోయాడు.

"పూర్తిగా రాయి" అన్నాను.

వెనక గది నెల లోపల కూల్చాలి. అది కూడా రాశాడు. ఆ పేజీ తిప్పి నాకిస్తూ కింద ఇంకో వాక్యం రాశాడు, అది అధికారి చెప్పింది కాదు: "రేపటి నుంచి అక్కడ సిమెంటు పోస్తలేను." చదివి కాగితం మడిచాను. వాణ్ని క్షమించానని అనలేదు. అన్నానని వాడు నీతో చెబితే నమ్మకు. కానీ బయటికి వచ్చాక ఇద్దరం ఒకే ఆటోలో ఉప్పుగూడకు వచ్చాం.

వెనక గది కూల్చడానికి నిన్న మనుషులు వచ్చారు. నెల గడువు నాకెందుకు? కూలీల మేస్త్రి సోమయ్య గునపం ఎత్తబోతుంటే ఆపాను. "జరుగు" అన్నాను. ఆ గదిలోనే నేను పుట్టానట, ఆ గదిలోనే జ్వరంతో పడి ఉండి లేచేసరికి లోకం చప్పుడు లేకుండా అయింది. దాన్ని ఇంకొకరి నోటీసు కూల్చింది అనిపించుకోవడం నాకు ఇష్టం లేదు. కొంగు నడుముకు చుట్టి గునపం నేనే అందుకున్నాను. మీ బాపు "అక్కా, వద్దు" అంటూ అడ్డం వచ్చాడు. కళ్లు మూసుకున్నాను.

కళ్లు మూసుకునే మొదటి దెబ్బ వేశాను. గోడ గట్టిదే. రెండో దెబ్బకు లొంగింది.

ఆండాలు